పీఏ నుంచి శాసనసభ్యుడి దాకా: తెలుగు రాష్ట్రాల్లో రాజకీయ సహాయకుల ప్రస్థానం

నాయకుడి వెంట ఉండి, ఆయన పనులు చక్కబెడుతూ, ఆ అనుభవంతోనే చట్టసభలో అడుగుపెట్టినవారు తెలుగు రాష్ట్రాల్లో ఎక్కువమంది లేరు. ఉన్నవారిలో చాలామంది శాసనమండలికి చేరారు. జనం ఓటుతో శాసనసభకు వెళ్లి, అక్కడ దీర్ఘకాలం నిలిచిన వ్యక్తిగా ముందు చెప్పుకోవలసింది తన్నీరు హరీశ్‌రావు. సహాయకులకు మండలి తలుపు తెరుచుకున్నంత సులువుగా సభ తలుపు ఎందుకు తెరుచుకోదన్నది ఈ వ్యాసంలో ప్రధాన విషయం. హైదరాబాద్‌కు ఉత్తరాన ఉన్న మేడ్చల్, షామీర్‌పేట ప్రాంతం దీన్ని అర్థం చేసుకోవడానికి బాగా పనికొస్తుంది. సహాయకుడి అవసరం అక్కడ చాలా ఎక్కువ. సహాయకుడు స్వయంగా గెలిచే వీలు మాత్రం చాలా తక్కువ.

సహాయకుడు అంటే ఎవరు

వాడుకలో అందరినీ కలిపి పీఏ అంటారు. హోదాల్లో తేడాలున్నాయి. మంత్రి పేషీలో ప్రభుత్వోద్యోగిగా ఉండి ఫైళ్లు చూసే ప్రైవేటు సెక్రటరీ ఒకరు. బయటినుంచి తెచ్చుకుని, పదవీకాలం ఉన్నంతవరకే జీతమిచ్చే ప్రత్యేకాధికారి, అంటే ఓఎస్‌డీ, ఇంకొకరు. పత్రికలవాళ్లతో మాట్లాడే పీఆర్వో, పార్టీ వ్యవహారాలు చూసే రాజకీయ కార్యదర్శి కూడా ఉంటారు. ఏ ఉత్తర్వులోనూ పేరు లేకుండా, జీతం లేకుండా, నాయకుడి ఇంట్లోనే తిని, ఆయన కారులోనే తిరిగే మనిషి వీళ్లందరికంటే ముఖ్యుడు కావచ్చు. మేనల్లుడో, బామ్మర్దో, చిన్ననాటి స్నేహితుడో, కాలేజీ జూనియరో ఆ స్థానంలో ఉంటాడు. రాజకీయ ప్రస్థానం మొదలయ్యేది ఎక్కువగా ఇలాంటివారికే. పేషీలోని ఉద్యోగికి సర్వీసు నిబంధనలు అడ్డొస్తాయి. ఇంటి మనిషికి ఏ అడ్డూ ఉండదు.

ఎమ్మెల్యే స్థాయిలో ఈ పని ఎలా ఉంటుందో దగ్గరగా చూడాలి. తెలంగాణలో నియోజకవర్గానికొక క్యాంపు కార్యాలయం ఉంది. పొద్దున ఏడు గంటలకే అక్కడ జనం చేరతారు. గేటు దగ్గర వినిపించే మొదటి ప్రశ్న, “అన్నా, సార్ ఉన్నడా?” సార్ ఉన్నా లేకున్నా కాగితం మొదట చేరేది పీఏ చేతికే. ఒకామె కూతురి పెళ్లికి కళ్యాణలక్ష్మి దరఖాస్తు పెట్టుకుంది. తహసీల్దారు విచారణ అయింది, ఎమ్మెల్యే ఆమోదం పడాలి. 2014లో 51,000 రూపాయలతో మొదలైన ఈ సాయం తర్వాత 1,00,116 రూపాయలకు పెరిగింది. ఆ కుటుంబానికి అది పెళ్లి అప్పులో పెద్ద భాగం. చెక్కు వచ్చేసరికి ఆ పిల్లకు బిడ్డ పుట్టిన సందర్భాలూ ఉన్నాయి. ఇంకొకరి తండ్రి నిమ్స్‌లో ఉన్నాడు. ముఖ్యమంత్రి సహాయనిధి నుంచి ఖర్చుకు హామీ ఇచ్చే లేఖ, అంటే ఎల్ఓసీ, వస్తే తప్ప ఆపరేషన్ కాదు. ఆస్పత్రి అంచనా కాగితం, ఆధార్, రేషన్ కార్డు, ఎమ్మెల్యే లెటర్‌ప్యాడ్ మీద సిఫారసు, ఇవన్నీ ఒక కవర్లో పెట్టి సచివాలయానికి పంపి, మధ్యాహ్నం ఫోన్ చేసి, సాయంత్రం మళ్లీ ఫోన్ చేసి, ఆ మనిషికి జవాబు చెప్పేది పీఏ. తిరుమల దర్శనానికి లేఖలు, బదిలీల అభ్యర్థనలు, గురుకులంలో సీటు, స్టేషన్‌లో ఇరుక్కున్న కుర్రాడి గొడవ కూడా ఆయన బల్ల మీదికే వస్తాయి.

దీన్ని పైరవీ అని తీసిపారేసేవాళ్లున్నారు. అందులో పైరవీ పాలు ఉన్న మాట నిజమే. అయినా ప్రభుత్వ కార్యాలయం తనంతట తాను పేదవాడి పని చేయని చోట, ఆ పని జరిగేలా వెంటపడే మనిషి ఒకడు కావాలి. ప్రజాప్రతినిధి పనిలో సగం చట్టాలు, చర్చలు అయితే మిగతా సగం ఇదే. ఆ సగాన్ని క్షుణ్ణంగా నేర్చుకునేది సహాయకుడు. ఏ ఊళ్లో ఎవరికి ఎవరితో పడదు, ఏ అధికారి ఏ మాటకు కదులుతాడు, ఏ కుటుంబంలో ఎప్పుడు చావు జరిగింది, ఎవరింటికి నాయకుడు పెళ్లికి వెళ్లలేదు, ఇవన్నీ ఆయనకు నోటికి వచ్చి ఉంటాయి.

మేడ్చల్, షామీర్‌పేట

మేడ్చల్ 44వ నంబరు జాతీయ రహదారి మీద, షామీర్‌పేట హైదరాబాద్ నుంచి కరీంనగర్ వైపు వెళ్లే రాజీవ్ రహదారి మీద ఉన్నాయి. రెండింటినీ ఔటర్ రింగ్ రోడ్డు కలుపుతుంది. 2016 అక్టోబరు 11న రంగారెడ్డి జిల్లా నుంచి విడదీసి మేడ్చల్-మల్కాజిగిరి జిల్లాను ఏర్పాటు చేశారు. షామీర్‌పేట మండలం అంతాయిపల్లిలో కట్టిన కలెక్టరేట్ సముదాయాన్ని 2022 ఆగస్టు 17న ప్రారంభించారు. పెద్ద చెరువు, జింకల పార్కు, నల్సార్ న్యాయ విశ్వవిద్యాలయం, జీనోమ్ వ్యాలీలోని టీకాల కంపెనీలు, జవహర్‌నగర్ దగ్గర బిట్స్ పిలానీ ప్రాంగణం, వీటి మధ్య ఇంకా కూరగాయలు పండించే ఊళ్లు, అన్నీ ఆ చుట్టుపక్కలే కనిపిస్తాయి.

భూమి విలువ ఎకరానికి కోట్లలోకి వెళ్లిన చోట ఎమ్మెల్యే దగ్గరికి వచ్చే అర్జీల రంగు మారుతుంది. నిషేధిత జాబితాలో పడిన సర్వే నంబరు, అసైన్డ్ భూమి మీద వివాదం, లేఅవుట్ క్రమబద్ధీకరణ, చెరువు నిండు నీటిమట్టం (ఎఫ్‌టీఎల్) హద్దు, పాసుపుస్తకంలో తప్పుపడిన విస్తీర్ణం ముందుకు వస్తాయి. భూరికార్డుల పోర్టల్ ధరణిని 2020 అక్టోబరు 29న అప్పటి ముఖ్యమంత్రి కేసీఆర్ ప్రారంభించింది ఇక్కడి మూడు చింతలపల్లిలోనే. 2025 ఏప్రిల్‌లో దాని స్థానంలో భూభారతి వచ్చింది. పోర్టల్ మారినప్పుడల్లా క్యాంపు ఆఫీసు ముందు వరుస మారలేదు, చేతిలో కాగితం మారింది. ఇలాంటి చోట పీఏ అంటే సగం రెవెన్యూ ఉద్యోగి, సగం వకీలు అయి ఉండాలి.

మేడ్చల్ నియోజకవర్గం నుంచి గెలిచినవారి వరుస చూస్తే మాత్రం సహాయకుడి బాటలో వచ్చినవారు కనిపించరు. 1978లో ఇక్కడి నుంచి ఎన్నికైన మర్రి చెన్నారెడ్డి ఆ ఏడాది మార్చి నుంచి 1980 అక్టోబరు దాకా ముఖ్యమంత్రిగా ఉన్నారు. అప్పటికే ఆయన రాష్ట్రస్థాయి నేత. 1969 తెలంగాణ ఉద్యమంలో ముందున్న మనిషి. తెలుగుదేశం తరఫున 1994, 1999, 2004 ఎన్నికల్లో వరుసగా గెలిచిన తూళ్ల దేవేందర్‌గౌడ్ రంగారెడ్డి జిల్లా రాజకీయాల్లో స్వయంగా ఎదిగి, చంద్రబాబు మంత్రివర్గంలో హోంమంత్రి అయ్యారు. 2008లో పార్టీ వీడి నవ తెలంగాణ పార్టీ పెట్టి, దాన్ని ప్రజారాజ్యంలో కలిపి, మళ్లీ తెలుగుదేశంలోకి వచ్చి రాజ్యసభకు వెళ్లారు. 2009లో కాంగ్రెస్ నుంచి కిచ్చన్నగారి లక్ష్మారెడ్డి, 2014లో తెలంగాణ రాష్ట్ర సమితి నుంచి మలిపెద్ది సుధీర్‌రెడ్డి గెలిచారు. 2018లో ఆ పార్టీ సిట్టింగ్ సభ్యుణ్ణి పక్కనపెట్టి విద్యాసంస్థల అధిపతి చామకూర మల్లారెడ్డికి పార్టీ టికెట్ పత్రమైన బీ-ఫారం ఇచ్చింది. ఆయన అంతకుముందు మల్కాజిగిరి ఎంపీ. 2018లోనూ 2023లోనూ ఆయనే గెలిచారు, మధ్యకాలంలో కార్మికశాఖ మంత్రిగా పనిచేశారు.

ఈ వరుసలో ఒక విషయం స్పష్టం. అప్పటికే పెద్ద నాయకుడైనా అయి ఉండాలి, స్థానికంగా పట్టున్నవాడైనా అయి ఉండాలి, సొంత ఆర్థికబలం ఉన్నవాడైనా అయి ఉండాలి. 2023 నాటికి మేడ్చల్‌లో ఓటర్లు ఆరు లక్షలు దాటారు. కాలనీలు పెరిగినకొద్దీ ఓటరుకూ నాయకుడికీ ముఖపరిచయం తగ్గింది. ఎన్నికల సంఘం లెక్కలో అభ్యర్థి ఖర్చు పరిమితి 40 లక్షల రూపాయలు. నగరశివారు నియోజకవర్గంలో ఆ అంకెకూ వాస్తవానికీ ఎంత దూరమో ఇక్కడి ప్రచారం చూసినవాళ్లకు తెలుసు. ఇరవై ఏళ్లు నాయకుడి బల్ల దగ్గర కూర్చుని వేలమంది పనులు చేసిపెట్టిన సహాయకుడికి కూడా ఇలాంటి చోట టికెట్ వరుసలో పేరు రాదు. ప్రజాస్వామ్యానికి ఇది నష్టం. అర్జీల బాధ తెలిసిన మనిషికంటే ఎన్నికల ఖర్చు భరించగల మనిషి పార్టీలకు అభ్యర్థిగా పనికొస్తున్నాడు.

ఇదే జిల్లాలో మండలి దారి వేరుగా పనిచేసింది. దుండిగల్ ప్రాంతానికి చెందిన శంభీపూర్ రాజు తెలంగాణ రాష్ట్ర సమితి యువ నాయకుడిగా ఎదిగి 2015లో ఉమ్మడి రంగారెడ్డి స్థానిక సంస్థల నియోజకవర్గం నుంచి మండలికి వెళ్లారు. 2021లో మళ్లీ ఏకగ్రీవంగా ఎన్నికయ్యారు. ఆయన పీఏగా మొదలైన మనిషి కాదు, పార్టీ కార్యకర్త. సొంత బలంతో పెద్ద నియోజకవర్గం గెలవడం కష్టమైన చోట పార్టీకి విధేయులైనవారికి మండలి ఎలా అక్కరకొస్తుందో ఇది చూపిస్తుంది.

హరీశ్‌రావు

షామీర్‌పేట దాటి రాజీవ్ రహదారి మీద ముందుకు పోతే వంటిమామిడి కూరగాయల మార్కెట్, తర్వాత ప్రజ్ఞాపూర్, పక్కకు తిరిగితే గజ్వేల్, నేరుగా పోతే సిద్దిపేట. సహాయకుడు ప్రజల నాయకుడిగా మారిన పెద్ద ఉదాహరణ ఈ దారి చివర ఉంది.

హరీశ్‌రావు 1972 జూన్ 3న కరీంనగర్ జిల్లా తోటపల్లిలో పుట్టారు. కల్వకుంట్ల చంద్రశేఖరరావుకు, అంటే కేసీఆర్‌కు, స్వయానా మేనల్లుడు. కేసీఆర్ తెలుగుదేశంలో మంత్రిగా, ఆ తర్వాత ఉపసభాపతిగా ఉన్న రోజుల్లోనే మేనమామ వెంట ఉండి, సిద్దిపేట నుంచి వచ్చేవారిని కలవడం, వాళ్ల పనులు చూడడం ఆయనకు అలవాటైంది. 2001 ఏప్రిల్ 27న తెలంగాణ రాష్ట్ర సమితి పుట్టినప్పుడు పార్టీ నిర్వహణలో ఆ అనుభవమే పనికొచ్చింది. కొత్త పార్టీకి సిద్ధాంతం చెప్పేవాళ్లు, పాటలు రాసేవాళ్లు, ఉపన్యాసాలిచ్చేవాళ్లు చాలామంది వచ్చారు. మీటింగుకు జనాన్ని తెచ్చి, భోజనాలు చూసి, రాత్రికి అలిగిన నాయకుణ్ణి బుజ్జగించి, తెల్లారి మళ్లీ పని మొదలుపెట్టేవాళ్లు తక్కువ. హరీశ్‌రావు ఆ తక్కువమందిలో ఒకరు.

2004 ఎన్నికల్లో కేసీఆర్ సిద్దిపేట అసెంబ్లీ, కరీంనగర్ లోక్‌సభ రెండూ గెలిచి, లోక్‌సభ ఉంచుకుని సిద్దిపేటకు రాజీనామా చేశారు. కాంగ్రెస్‌తో పొత్తులో భాగంగా వై.ఎస్. రాజశేఖరరెడ్డి మంత్రివర్గంలో తెలంగాణ రాష్ట్ర సమితి చేరింది. హరీశ్‌రావు అప్పటికి ఏ సభలోనూ సభ్యుడు కాకుండానే మంత్రి అయ్యారు. సభ్యుడు కానివారు ఆరు నెలల్లో ఎన్నిక కావాలన్న రాజ్యాంగ నిబంధన ప్రకారం అదే ఏడాది సిద్దిపేట ఉపఎన్నికలో గెలిచారు. ముప్పై రెండేళ్ల వయసులో ముందు మంత్రి, తర్వాత ఎమ్మెల్యే. మేనమామ ఖాళీ చేసిన కుర్చీ మేనల్లుడికి దక్కిందని అప్పుడు అన్నవాళ్ల మాటలో తప్పులేదు. 2005లో పార్టీ ప్రభుత్వం నుంచి బయటికి వచ్చింది, మంత్రి పదవి పోయింది.

ఆ తర్వాత జరిగినదే ఆయన సొంతం. తెలంగాణ కోసం 2008లో రాజీనామా చేసి ఉపఎన్నికలో గెలిచారు, 2009 సాధారణ ఎన్నికల్లో గెలిచారు, 2010లో మళ్లీ రాజీనామా చేసి మళ్లీ గెలిచారు. 2008 ఉపఎన్నికల్లో ఆయన పార్టీ చాలాచోట్ల దెబ్బతింది, సిద్దిపేట మాత్రం నిలబడింది. 2010లో ఆధిక్యం 95,858 ఓట్లు. 2014లో 93,328. 2018లో 1,18,699. పార్టీ అధికారం కోల్పోయిన 2023లో కూడా 82,308. మొదటి గెలుపు వారసత్వంగా వచ్చింది. తర్వాతి గెలుపులు అలా రావు. ఊరి పేరు, మనిషి పేరు, వెనకటి అర్జీ గుర్తుపెట్టుకునే సహాయకుడి అలవాటును ఆయన ఎమ్మెల్యే అయ్యాక కూడా మానలేదు. సిద్దిపేటలో “హరీశన్న” అన్న పిలుపు ఆ అలవాటుకు దక్కిన ఫలితం.

సిద్దిపేటకు ఇంకో పాత కథ ఉంది. కేసీఆర్ స్వయంగా అనంతుల మదన్‌మోహన్ శిష్యుడిగా రాజకీయం నేర్చుకున్నారు. 1983లో తెలుగుదేశం టికెట్ మీద గురువుపైనే పోటీచేసి 877 ఓట్ల తేడాతో ఓడిపోయారు. 1985లో గెలిచాక 2004 దాకా ఆ సీటు ఆయనదే. తెలుగు రాజకీయాల్లో అనుచరుడు సొంత నాయకుడయ్యే మామూలు పద్ధతి ఇదే, నాయకుణ్ణి వదిలి ఎదురు నిలవడం. హరీశ్‌రావు ఆ పని చేయలేదు. పార్టీలో తనకు ప్రాధాన్యం తగ్గిందని అందరూ అనుకున్న కాలంలోనూ కేసీఆర్ నాయకత్వాన్ని కాదనలేదు.

2014లో రాష్ట్రం వచ్చాక ఆయనకు నీటిపారుదల శాఖ దక్కింది. 2015 మార్చిలో మొదలైన మిషన్ కాకతీయ కింద రాష్ట్రంలో 46 వేలకు పైగా చెరువులను గుర్తించి దశలవారీగా పూడిక తీశారు. తూములు బాగుచేసి, మట్టిని రైతుల పొలాల్లోకి పంపారు. 2016లో కాళేశ్వరం ఎత్తిపోతల పనులు మొదలయ్యాయి. భూసేకరణ, కాంట్రాక్టర్లు, ఇంజనీర్లు, పొరుగు రాష్ట్రంతో ఒప్పందాలు కలిసిన ఆ పనికి వెంటపడే మనిషి కావాలి. రాత్రిళ్లు పంప్‌హౌస్‌ల దగ్గరే గడిపిన మంత్రిగా ఆయన పేరు ఆ రోజుల్లో వార్తల్లో నిలిచింది. అయితే 2019 జూన్ 21న ప్రాజెక్టు ప్రారంభమైనప్పుడు ఆయన మంత్రివర్గంలో లేరు. ఆ సెప్టెంబరులో ఆర్థికమంత్రిగా తిరిగి వచ్చారు. 2021 నవంబరు నుంచి వైద్య ఆరోగ్యశాఖ కూడా చూశారు. మల్లన్నసాగర్, కొండపోచమ్మసాగర్, రంగనాయకసాగర్ మూడూ ఆయన జిల్లాలోనే కట్టారు. మల్లన్నసాగర్ కింద ఊళ్లు కోల్పోయిన నిర్వాసితుల ఆందోళన కూడా ఆ కాలానిదే. ఆయన గురించి రాసేవారు ఎవరైనా ఆ ఊళ్లను విడిచిపెట్టి రాయకూడదు.

2023 అక్టోబరులో కాళేశ్వరంలో భాగమైన మేడిగడ్డ బ్యారేజీ స్తంభాలు కుంగాయి. కాంగ్రెస్ ప్రభుత్వం జస్టిస్ పి.సి. ఘోష్ కమిషన్‌ను నియమించింది. మాజీ నీటిపారుదల మంత్రిగా హరీశ్‌రావు 2025 జూన్‌లో కమిషన్ ముందు హాజరయ్యారు. ఆ ఏడాది జులైలో కమిషన్ నివేదిక ఇచ్చింది. ఆ నివేదికను ఆయనా, ఆయన పార్టీ తోసిపుచ్చారు. నాయకుడి నిర్ణయాన్ని అమలుచేసిన మంత్రి బాధ్యత ఎంత, నిర్ణయించిన నాయకుడి బాధ్యత ఎంత అన్న ప్రశ్న సహాయకుడిగా మొదలై మంత్రి అయిన ప్రతి ఒక్కరి విషయంలోనూ వస్తుంది. ఇక్కడ అది వేల కోట్ల ప్రజాధనం మీద వచ్చింది కనుక తేలికగా వదిలేయడానికి వీల్లేదు.

మంత్రి అయ్యాక కూడా ఆయనకు సహాయకుడి పని తప్పలేదు. 2014లో, 2018లో గజ్వేల్‌లో కేసీఆర్ పోటీచేసినప్పుడు అక్కడ ప్రచారం చూసినవారిలో ఆయన ముఖ్యులు. మొదటిసారి 19,391గా ఉన్న ఆధిక్యం రెండోసారి 58,290కి పెరిగింది. ఉపఎన్నిక వస్తే బాధ్యత ఆయనకే ఇచ్చేవారు. 2020లో దుబ్బాకలో పార్టీ 1,079 ఓట్ల తేడాతో ఓడింది. 2021లో హుజూరాబాద్‌లో ప్రత్యర్థి ఈటల రాజేందర్ 23,855 ఓట్ల ఆధిక్యంతో గెలిచారు. రెండు ఓటముల నింద హరీశ్‌రావు మీదా పడింది. గెలిస్తే నాయకుడి ఘనత, ఓడితే బాధ్యుడి వైఫల్యం అన్న లెక్క సహాయకుడి జీవితంలో మొదటి రోజు నుంచీ ఉన్నదే.

మండలి దారి

మిగిలినవారి కథ ఎక్కువగా శాసనమండలిలో సాగింది. ఆంధ్రప్రదేశ్ మండలి 1958లో ఏర్పడింది, 1985లో రద్దయింది, 2007లో మళ్లీ వచ్చింది. రాష్ట్ర విభజన తర్వాత తెలంగాణ మండలిలో 40 మంది, ఆంధ్రప్రదేశ్ మండలిలో 58 మంది సభ్యులు. తెలంగాణలో ఎమ్మెల్యేలు ఎన్నుకునేవి 14, స్థానిక సంస్థలవి 14, పట్టభద్రులవి 3, ఉపాధ్యాయులవి 3, గవర్నర్ నామినేట్ చేసేవి 6. ఎమ్మెల్యే కోటాలో పార్టీల బలం ముందే తెలుసు కనుక ఖాళీలకు సరిపడా నామినేషన్లే పడి ఏకగ్రీవం కావడం మామూలైంది. పార్టీ అధినేత పేరు రాస్తే చాలు. ఓటరు దగ్గరికి వెళ్లనక్కరలేదు.

2019 మార్చిలో ముఖ్యమంత్రి కేసీఆర్ రాజకీయ కార్యదర్శి శేరి సుభాష్‌రెడ్డి ఎమ్మెల్యే కోటాలో మండలికి వచ్చారు. 2023 మార్చిలో దేశపతి శ్రీనివాస్ వచ్చారు. ఆయనది కాస్త వేరే కథ. బడిపంతులు, కవి, గాయకుడు, ఉద్యమ వేదికల మీద తెలంగాణ భాషను, పాటను నిలబెట్టిన వక్త. రాష్ట్రం వచ్చాక ముఖ్యమంత్రి కార్యాలయంలో ప్రత్యేకాధికారిగా పనిచేశారు. సాహిత్యం నుంచి సభకు వెళ్లే దారి రాజ్యాంగమే గవర్నర్ కోటాలో పెట్టింది. ఆయన మాత్రం ఎమ్మెల్యే కోటాలో వచ్చారు. గవర్నర్ కోటా అంత సాఫీ కాదని అదే ఏడాది తేలింది. మంత్రివర్గం పంపిన దాసోజు శ్రవణ్, కుర్ర సత్యనారాయణ పేర్లను సాహిత్యం, శాస్త్రం, కళ, సహకారోద్యమం, సామాజికసేవ అన్న అర్హతలకు సరిపోవంటూ గవర్నర్ తమిళిసై 2023 సెప్టెంబరులో తిప్పి పంపారు.

ఆంధ్రప్రదేశ్‌లో 2021 చివర కృష్ణా జిల్లా స్థానిక సంస్థల కోటా నుంచి తలశిల రఘురాం మండలికి ఎన్నికయ్యారు. వై.ఎస్. జగన్ పర్యటనల ఏర్పాట్లు చూసే బాధ్యుడిగా పార్టీలో పేరు తెచ్చుకున్న మనిషి. 2017 నవంబరు నుంచి 2019 జనవరి దాకా 3,648 కిలోమీటర్లు నడిచిన పాదయాత్రకు రోజువారీ దారి, విడిది, సభాస్థలి చూడడం ఎంత పనో ఊహించవచ్చు. 2024 జులైలో జనసేన అధినేత పవన్ కల్యాణ్ రాజకీయ కార్యదర్శి పిడుగు హరిప్రసాద్ ఎమ్మెల్యే కోటాలో ఏకగ్రీవంగా ఎన్నికయ్యారు. ఆయన అంతకుముందు జర్నలిస్టు.

వీరిలో ఎవరి సామర్థ్యాన్నీ తక్కువ చేయనక్కరలేదు. పేచీ పద్ధతితోనే. మండలి సభ్యత్వం విధేయతకు ఇచ్చే గౌరవంగా మారినప్పుడు, ఆ సభ్యుడు ప్రభుత్వాన్ని ప్రశ్నించాల్సిన రోజు ఎవరి వైపు చూస్తాడన్నది ముఖ్యం. ఉపాధ్యాయ, పట్టభద్ర స్థానాల నుంచి వచ్చినవారిని అడిగేందుకు వాళ్ల ఓటర్లున్నారు. ఎమ్మెల్యే కోటాలో ఏకగ్రీవంగా వచ్చినవారిని అడిగే ఓటరు బయట ఎవరూ లేరు.

రాజ్యసభకు వెళ్లిన సహాయకులూ ఉన్నారు. వై.ఎస్. రాజశేఖరరెడ్డికి కాలేజీ రోజుల నుంచి ఆప్తుడు, ప్రభుత్వ సలహాదారు కె.వి.పి. రామచంద్రరావు 2008లో వెళ్లారు. కేసీఆర్‌కు నీడలా ఉండే బంధువు జోగినపల్లి సంతోష్‌కుమార్ 2018లో వెళ్లారు. ఢిల్లీలో దీనికి పాత ఉదాహరణ ఆర్.కె. ధావన్. ఇందిరాగాంధీ వ్యక్తిగత సిబ్బందిలో రెండు దశాబ్దాలు ఉండి, 1990లో రాజ్యసభకు వెళ్లి, పి.వి. నరసింహారావు ప్రభుత్వంలో మంత్రి అయ్యారు.

నిబంధనలు, బయటి దేశాలు

ప్రభుత్వోద్యోగి రాజకీయాల్లో పాల్గొనకూడదు. లాభదాయక పదవిలో ఉన్నవారు శాసనసభ్యత్వానికి అనర్హులని రాజ్యాంగం 191వ అధికరణం చెబుతుంది. అందుకే పేషీలో ప్రభుత్వ జీతం తీసుకునే సహాయకుడు నామినేషన్ వేయాలంటే ముందు ఆ ఉద్యోగం వదలాలి. ఓడితే వెనక్కి వచ్చే దారి ఉండదు. సొంత ఆస్తి లేని సహాయకుడు పోటీకి వెనకాడడానికి ఇదొక బలమైన కారణం.

అమెరికాలో, బ్రిటన్‌లో ఈ మార్గం బాహాటంగా సాగుతుంది. లిండన్ జాన్సన్ 1931లో రిచర్డ్ క్లెబర్గ్ అనే ప్రతినిధికి కార్యదర్శిగా వాషింగ్టన్ చేరి, 1937లో తానే ప్రతినిధుల సభకు ఎన్నికై, చివరికి అధ్యక్షుడయ్యారు. బ్రిటన్ ఆర్థికమంత్రి నార్మన్ లామాంట్‌కు సలహాదారుగా ఉన్న డేవిడ్ కామెరాన్ 2001లో ఎంపీ, 2010లో ప్రధాని అయ్యారు. ఇల్లినాయ్ రాష్ట్ర సెనేట్‌లో 2019 నుంచి ఉన్న భారత సంతతి సభ్యుడు రామ్ విల్లివలం అంతకుముందు కాంగ్రెస్ సభ్యుడు బ్రాడ్ ష్నైడర్ సిబ్బందిలో పనిచేశారు. అమెరికాలో అభ్యర్థిని నిర్ణయించేది పార్టీ లోపలి ప్రాథమిక ఎన్నిక. సహాయకుడు తన నాయకుడి అనుమతి లేకుండానే పేరు నమోదు చేసుకుని, ఇంటింటికీ తిరిగి, పార్టీ ఓటర్ల మద్దతు అడగవచ్చు. మన దగ్గర బీ-ఫారం అధినేత చేతిలో ఉంటుంది. ఆ ఒక్క కాగితం ఉన్న చోటే సహాయకుడి ఆశ ఆగిపోతుంది. పార్టీల అంతర్గత ఎన్నికలు నిజంగా జరిగే రోజు వస్తే క్యాంపు ఆఫీసుల్లో పనిచేసే ఎంతోమంది సమర్థులు సొంతంగా నిలబడగలరు.

ఎదురు దిశలో ప్రయాణమూ ఉంది. 2004లో తెలుగుదేశం తరఫున మహబూబాబాద్ ఎమ్మెల్యేగా గెలిచిన వేం నరేందర్‌రెడ్డి, 2023 డిసెంబరులో కాంగ్రెస్ ప్రభుత్వం ఏర్పడ్డాక ముఖ్యమంత్రి రేవంత్‌రెడ్డికి సలహాదారుగా నియమితులయ్యారు. రేవంత్‌రెడ్డి అంతకుముందు 2019 నుంచి ప్రాతినిధ్యం వహించిన మల్కాజిగిరి లోక్‌సభ స్థానంలో మేడ్చల్, షామీర్‌పేట రెండూ ఉన్నాయి.